ఫిలింలో ఒడ్డెక్కిన మనిషి

ఆ మనిషి ఒడ్డెక్కడం పొద్దున తీశాం, బయల్దేరడం సాయంత్రం తీశాం. ఫిలింలో మాత్రం ముందు బయల్దేరాడు, తర్వాత ఒడ్డెక్కాడు. మా వృత్తిలో ఇది రోజూ చేసే పనే. కూరగాయలు ఏ వరసలో తరిగినా, పోపులో ముందు పడాల్సింది ముందు పడుతుంది కదా, ఇదీ అంతే. ఈ విషయంలో నన్నెవరైనా తప్పుపడితే ఇప్పటికీ పోట్లాటకి దిగుతాను. పోట్లాడి గెలిచి ఇంటికొచ్చాక మాత్రం ఆ మనిషే గుర్తొస్తాడు.

డెబ్బైల చివర్లో హైదరాబాదు టీవీ కేంద్రంలో డాక్యుమెంటరీలు తీసే ప్రొడ్యూసరుగా చేరాను. అప్పటికి మన జనానికి టీవీ అంటేనే కొత్త, అందులో ఆడప్రొడ్యూసరంటే మరీ వింత. పల్లెల్లో మా జీపు ఆగగానే కుటుంబ నియంత్రణ వాళ్ళొచ్చారని ఆడవాళ్ళు తలుపులేసుకునేవారు. ఒక ఊళ్ళో నన్ను నర్సమ్మనుకుని ఒకావిడ చంటిపిల్లాణ్ణి చేతికిచ్చి నాలుక చూడమంది. చూశాను, ఏం చేస్తాను! వరి తెగుళ్ళు, కోళ్ళ పెంపకం, పొగరాని పొయ్యి, ఇవీ నేను తీసిన కళాఖండాలు. కొంచెం మనుషుల్ని చూపించే విషయమేదైనా పట్టుకెళ్తే మా పై అధికారి కళ్ళజోడు సవరించుకుని, "ఇందులో అభివృద్ధి ఎక్కడుందమ్మా?" అనేవారు.

ఎనభైల మొదట్లో విశాఖపట్నం మీద ఒక ఫిలిం తీసే పని నాకు పడింది. ఓడరేవు తియ్యాలి, కొత్తగా రాబోయే ఉక్కు ఫ్యాక్టరీ కోసం చదును చేస్తున్న నేలలు తియ్యాలి. అవి తీశాను. క్రేన్లు తీసీ తీసీ విసుగొచ్చి, చేపల హార్బరు కూడా తీస్తానని అడిగాను. ఇంజన్లున్న మరబోట్లొచ్చాయి కాబట్టి అందులో అభివృద్ధి ఉందని మా అధికారి ఒప్పుకున్నారు.

తెల్లారేసరికి బోట్లు ఆగే జట్టీ మీద కెమెరా పెట్టుకుని కూర్చున్నాం. బోట్లు ఒక్కొక్కటే రాళ్ళకట్ట దాటి లోపలికి వస్తున్నాయి. మామూలుగా కెమెరా చూడగానే మనిషి కొయ్యబారిపోతాడు. స్టూడియోలో ఫొటోకి నిలబడ్డట్టు చేతులు కట్టుకుంటాడు, లేదా మొహం చాటేస్తాడు. ఒక బోటు నుంచి చేపల గంప నెత్తిన పెట్టుకుని దిగిన కలాసీ మాత్రం మమ్మల్ని చూసి చుట్టాలొచ్చినట్టు నవ్వి, నడక చెడకుండా తన దారిన తాను నడిచి వచ్చేశాడు. ముప్ఫై ఏళ్ళుంటాయి. నల్లటి ఒంటి మీద నీళ్ళు కారుతున్నాయి. "ఈయన్ని వదలకండి మేడమ్" అన్నాడు మా కెమెరామన్.

గంప దించాక పలకరించాను. భీమునిపట్నం దగ్గర పల్లె ఆయనది. భార్య పురిటికి శ్రీకాకుళం వైపు పుట్టింటికి వెళ్ళిందట.

"ఆడపిల్లో మగపిల్లోడో ఇంకా కబురు తెలీనేదమ్మా. సాయంత్రం ఎల్లే ఈ వేట దిగినానంటే తిన్నగా బస్సెక్కి ఎల్లిపోతాను" అన్నాడు. ఆ మాట చెబుతున్నప్పుడు మొహం అంతా వెలిగింది. బోటు చేపలకి వేసే మంచుగడ్డలూ డీజిలూ ఎక్కించుకుని సాయంత్రం మళ్ళీ వేటకి పోయింది. అదీ తీశాం. చివరి ఫిలిం చుట్ట అయిపోయేదాకా తీసి, సామాన్లు సర్దుకుని, రైలెక్కి హైదరాబాదు వెళ్ళిపోయాం.

ఎడిటింగ్‌లో నాకు రెండో ఆలోచనే రాలేదు. మనిషి సముద్రం మీదకి పోవాలి, గంపతో తిరిగి రావాలి, నవ్వాలి, ఫిలిం అయిపోవాలి. ఇంకెలా ముగిస్తాం? ఆ నవ్వు మీదకి వ్యాఖ్యానం నేనే రాశాను, నేనే చదివాను. "సముద్రం తీసుకెళ్ళిన వాళ్ళని సముద్రమే తిరిగి తెచ్చి ఇస్తుంది." ఆ వాక్యం రాసుకుని నాలో నేనే మురిసిపోయాను. ఆఫీసులో కూడా అందరూ బాగుందన్నారు. మా అధికారి అయితే అభివృద్ధి సంగతి కూడా అడగలేదు.

ఏడాది దాటాక, ఉక్కు ఫ్యాక్టరీ కడుతున్న పనులు తియ్యడానికి మళ్ళీ విశాఖ వెళ్ళాను. ఆ ఊళ్ళో టీవీ కనబడడం అప్పుడప్పుడే మొదలైంది. మా పాత ఫిలిం కూడా ఆ మధ్యే మళ్ళీ ప్రసారమైంది. ఒక పొద్దున లాడ్జి కింద నా కోసం ఎవరో కూర్చున్నారని చెప్పారు. దిగి వెళ్తే పాతికేళ్ళ మనిషి, విశాఖలోనే మల్కాపురంలో ఉంటూ కూలిపని చేసుకుంటున్నాడట. ఆ రోజు పనికి పోకుండా వచ్చాడు.

"సేపలోల్ల సినిమా తీసింది మీరే గదమ్మా?" అన్నాడు.

మెచ్చుకోడానికి వచ్చాడనుకుని ఉబ్బిపోయాను. "నేనేనయ్యా. బాగుందా?"

"ఆకర్న గంపెత్తుకుని వొచ్చినోడు మా అన్నమ్మా. ఆడు పోయి ఏడాది దాటిపోనాది."

నాకు ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక అక్కడే మెట్టు మీద కూర్చుండిపోయాను. మేం తీసిన సాయంత్రం వెళ్ళిన ఆ బోటే. మర్నాడు గాలివాన పట్టుకుంది. మిగతా బోట్లు ఎలాగో చేరుకున్నాయి, అది చేరలేదు. కొన్ని చెక్కలు మాత్రం ఎక్కడో ఒడ్డుకి కొట్టుకొచ్చాయి. నేను హైదరాబాదులో ఆయన నవ్వు ముందు పెట్టుకుని వాక్యాలు దిద్దుకుంటున్నప్పటికే ఆయన లేడు.

శవం దొరకని వాళ్ళకి వాళ్ళ పల్లెలో ఒక పద్ధతి ఉంది. కొన్నాళ్ళు ఎదురుచూస్తారు. తర్వాత గడ్డితో మనిషి బొమ్మ చేసి, దానికే అన్నీ జరిపి సాగనంపుతారు. ఆ రోజే భార్య గాజులూ బొట్టూ తీస్తారు. అప్పటిదాకా ఆమె ఆ మనిషి భార్యే, ఆయన బతికున్నవాడే. ఈమె చంటిపిల్లతో పుట్టింటి నుంచి వచ్చేసరికి మనిషి లేడు. ఏడవలేదట. వస్తాడంది. పెద్దలు ఏడాది ఆగి, నచ్చచెప్పి, చివరికి ఒక రోజు అనుకున్నారు. సరిగ్గా ఆ వారంలోనే పంచాయతీ టీవీలో మా ఫిలిం వచ్చింది.

"అందరం సూత్తన్నామమ్మా. ఆడు గంపెత్తుకుని నడిసొచ్చీసాడు. మా వొదిన లెగిసి నిలబడి నవ్వీసింది. సూసినారా, నాను సెప్పనేదేటి అని పల్లంతా తిరిగింది. ఇంక గడ్డిబొమ్మా నేదు, ఏటీ నేదు."

"పాత ఫిలిమని చెప్పకపోయారా?"

"ఎందుకు సెప్పనేదమ్మా! టీవీలో కిరికెట్టు ఆడతన్నప్పుడే కనిపిత్తాది గదా, ఇదెలగ పాతదవుద్ది అంటంది." తల వంచుకుని గొంతు తగ్గించాడు. "పిల్లనెత్తుకుని రోజూ బస్సెక్కి హార్బరుకి పోతంది. ఎండలో కూకుని వొచ్చిన బోటునల్లా అడుగుతంది. పిల్లకి జొరం తగ్గట్నేదు. ఇప్పుడు ఒరిస్సా రేవులన్నీ ఎతుకుతాను, రైలెక్కిపోతానంటంది. పిల్లతో ఎలిపోయిందంటే ఇద్దరూ మరి దక్కరమ్మా. మా మాట ఇనదు. తీసినోల్లు మీరొచ్చి సెప్తే ఇంటాదేమో."

మర్నాడు షూటింగ్ ఆపి భీమిలి బస్సెక్కాను. దారి పొడుగునా ఏం చెప్పాలో వాక్యాలు కూర్చుకున్నాను. వాక్యాలు కూర్చడంలో నా అంతదాన్ని నేనే అనుకునే రోజులవి.

పల్లెలో దిగగానే ఆమే ఎదురొచ్చింది. చాలా చిన్నమ్మాయి. చంకలో పిల్ల కళ్ళు మూసుకుని వేలాడుతోంది. రెండు చేతుల నిండా ఎర్ర గాజులు, పెద్ద బొట్టు. నా చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళి పీట వేసింది, టీ పెట్టింది, నా ఎదురుగా గొంతుక్కూర్చుంది.

"సన్నబడ్డాడేటమ్మా?" అంది.

టీ గ్లాసు నేల మీద పెట్టేశాను.

"టీవీలో సూత్తే సన్నబడ్డట్టే ఉన్నాడు. దగ్గిరికెల్లి సూసినావు గదా నువ్వు. పిల్ల సంగతి అడిగాడేటి? ఆడపిల్లని తెలుసేటి ఆడికి?"

ఆ ఎండ పొద్దుట్లో, ఆ మట్టింట్లో, చచ్చిపోయిన మనిషి క్షేమ సమాచారాలు నన్నడుగుతోంది. వాటిలో ఒకదానికి నా దగ్గర జవాబు కూడా ఉంది. ఎత్తాడు, ఆడపిల్లో మగపిల్లోడో ఇంకా కబురు తెలీలేదన్నాడు. అది చెబితే నిన్నో మొన్నో అన్నాడనుకుంటుంది. నోరు కట్టేసుకుని, తెచ్చుకున్న వాక్యాలన్నీ ఒక్కొక్కటిగా అప్పజెప్పాను. పొద్దున ఆయన ఒడ్డెక్కడం తీశామనీ, సాయంత్రం బయల్దేరడం తీశామనీ, ఫిలింలో వరస మార్చామనీ చెప్పాను.

అంతా విని నవ్వింది. చిన్నపిల్లలు బొంకితే నవ్వినట్టు నవ్వింది. "రావడం ముందు, ఎల్లడం తర్వాతానా! ఎవులైనా అలగ సూపిత్తారేటమ్మా?"

ఆ వరస మళ్ళీ మొదటి నుంచి చెప్పబోయాను.

"అయినా నువ్వే సెప్పినావు గదా. సముద్రం తీసుకెల్లినోల్లని సముద్రమే తిరిగి తెచ్చిత్తాదని. అది నీ గొంతే గదా?"

నా గొంతే. ఆ వాక్యం మీద నాకు జీవితంలో మొదటిసారి అసహ్యం పుట్టింది. కోపం కూడా వచ్చింది, ఎవరి మీదో తెలియలేదు. లేచి నిలబడి, "అయితే జరిగింది జరిగినట్టే చూపిస్తాను. చూస్తావా?" అన్నాను.

"సూత్తాను. ఆడొస్తన్నది మల్లీ సూత్తాను" అంది సంతోషంగా. అందాకా ఒరిస్సా వెళ్ళనని మాటిచ్చింది.

హైదరాబాదులో ఆ ఫిలిం బయటికి తీయించి ఎడిటింగ్ టేబుల్ మీదకి ఎక్కించాను. మొదటికి రావడానికి వెనక్కి తిప్పాలి. తిప్పుతుంటే ఆ చిన్న తెర మీద ఆయన నవ్వు మూసుకుంది. గంపతో సహా వెనక్కి వెనక్కి నడిచి బోటెక్కాడు, బోటు వెనక్కి వెనక్కి సముద్రంలోకి పోయింది. ఎడిటింగ్‌లో ఎన్ని వేలసార్లు చూసుంటాను మనుషులు వెనక్కి నడవడం! నవ్వుకునేవాళ్ళం కూడా. ఆ రోజు మెషిను ఆపేసి బయటికొచ్చి వరండాలో నిలబడ్డాను. ఆ తర్వాత వృత్తిలో ఉన్నన్నాళ్ళూ ఫిలిం వెనక్కి తిప్పేటప్పుడు తెర వైపు చూడలేదు. మా అసిస్టెంట్లు నాకు కళ్ళనొప్పనుకునేవారు.

కత్తిరించగా మిగిలిన ముక్కలు గుడ్డసంచీలో ఇంకా పడున్నాయి. బోటు వెళ్ళిపోయే దృశ్యం ఫిలింలో కొంచెమే వాడుకున్నాను, మిగతాదంతా సంచీలో దొరికింది. రావడం ముందు పెట్టి, వెళ్ళడం తర్వాత పెట్టి, ఆ మిగతా ముక్క కూడా చివర టేపుతో అతికించాను. నా వ్యాఖ్యానం తీసి పారేశాను. పై అధికారికి చెప్పలేదు. చెబితే ఇందులో అభివృద్ధి ఎక్కడుందనేవారు.

విశాఖ పాతూళ్ళో పెళ్ళిళ్ళకీ ప్రచారాలకీ ప్రొజెక్టరు అద్దెకిచ్చే సాయిబుగారొకాయన ఉండేవాడు. సంగతి చెబితే అద్దె మాట ఎత్తకుండా ప్రొజెక్టరు భుజానికెత్తుకుని నాతో బస్సెక్కాడు. ఒక ఆదివారం మధ్యాహ్నం ఆ పల్లె బడిలో కిటికీలకి గోనెసంచులు కట్టి చీకటి చేశాం. సున్నం కొట్టిన గోడే తెర. లోపల నలుగురమే ఉండాలని ముందే చెప్పాను, కానీ పల్లెలో పెద్దలంతా వచ్చి గుమ్మంలో నిలబడ్డారు.

ఆమె వచ్చింది. తలంటుకుని, పువ్వులు పెట్టుకుని, పెట్టెలో దాచుకున్న చీరేదో కట్టుకుని వచ్చింది. మొగుడు ఊర్నించి వస్తున్నాడంటే ఆడది ఎలా తయారవుతుందో అలా తయారై వచ్చింది. నేనీ పని తలపెట్టకుండా ఉండాల్సిందని అప్పుడనిపించింది. పిల్లని మరిది ఎత్తుకున్నాడు. సాయిబుగారు నా వైపు చూసి, "మొదలుపెట్టమంటారా అమ్మా?" అన్నాడు. ఊఁ అన్నాను.

గంపతో ఆయన ఒడ్డెక్కాడు. "అదిగో, నీ అయ్య" అని పిల్లకి చూపించి నవ్వింది. ఆయన నడక గోడ మీద ఒక మూలనుంచి ఇంకో మూలకి సాగింది, ఆయనా నవ్వాడు. ఆ నీడ చూడమన్నాను. పొద్దుటెండ సముద్రం వైపు నుంచి పడుతోంది, నీడ ఊరి వైపు ఉంది. ఆమె తలాడించింది. తర్వాత మంచు గంపలెక్కాయి. బోటు కదిలింది. ఇప్పుడు నీడలన్నీ సముద్రం వైపు పడి ఉన్నాయి. ఇది సాయంత్రమని నేను చెప్పలేదు. చెప్పక్కర్లేకపోయింది. ఆమె నవ్వు ఆగిపోయింది.

ఆమె మెల్లగా లేచి గోడ దగ్గరికి నడిచింది. బొమ్మ ఆమె వీపు మీదా పడింది, బోటు ఆమె చీర మీద నుంచి పోతోంది. సాయిబుగారు పక్కకి జరగమనబోతే వద్దని చెయ్యి చూపించాను. బోటు వెనకభాగాన ఆయన నిలబడి తాడు చుడుతున్నాడు, మాకు వీపు మాత్రమే కనిపిస్తోంది. అంతవరకే నేను ఫిలింలో వాడింది. ఆ తర్వాత సంచీలో దొరికిన ముక్క వచ్చింది. ఆయన ఉన్నట్టుండి వెనక్కి తిరిగాడు. నిండు మొహం. నవ్వు లేదు. ఒడ్డు వైపు కాసేపు చూసి, మళ్ళీ అటు తిరిగిపోయాడు. బోటు రాళ్ళకట్ట దాటింది, చిన్నదైంది, ఇంకా చిన్నదైంది. ఫిలిం అయిపోయి గోడంతా తెల్లటి వెలుగు పడింది. ఆమె ఆ వెలుగులోనే నిలబడి ఉంది.

నా వైపు తిరిగి, "ఎనక్కి తిరిగి సూసాడు. ఎవుల్ని సూసాడమ్మా? నాను ఆడ నేకపోతిని గదా" అంది.

టేపుతో అతికించేటప్పుడే ఆ మొహం చూశాను. కత్తిరించి పారేద్దామా అని కత్తెర కూడా పట్టుకున్నాను. ఆయన ఎందుకు తిరిగాడో ఆ గదిలో నాకొక్కదానికే తెలుసు. వీపు తప్ప ఏమీ కనబడడం లేదని కెమెరామన్ విసుక్కుంటే, జట్టీ అంచుకెళ్ళి, "ఓ అబ్బాయ్, ఒక్కసారి ఇటు చూడవయ్యా!" అని గట్టిగా అరిచాను. మంచు మోస్తున్న వాళ్ళు నిలబడిపోయి నా వైపు చూశారు. ఒక ముసలమ్మ నెత్తి కొట్టుకుంది. వేటకి పోయేవాణ్ణి వెనక నుంచి పిలవకూడదు. వేటదాకా ఎందుకు, మా ఇంట్లో బజారుకి పోతున్న వాళ్ళని వెనక్కి పిలిచినా మా అమ్మ ఒప్పుకునేది కాదు. ఇలాంటివి నేను అప్పుడూ నమ్మలేదు, ఇప్పుడూ నమ్మను. గాలివానకి నా పిలుపుతో పనేమిటి? ఈ మాట నాకు నేను ఎన్నిసార్లు చెప్పుకున్నానో లెక్కలేదు. నమ్మే వాళ్ళంతా గుమ్మంలో నిలబడి ఉన్నారు.

ఆమెని చూసి అబద్ధం చెప్పలేకపోయాను. "నన్ను చూశాడమ్మా. నేను పిలిచాను, అందుకని తిరిగాడు" అన్నాను.

గుమ్మంలో గుసగుస లేచింది. "ఎనక నుంచి పిలిసినాదంట" అని ఎవరో అన్నారు. మరిది మొహం మాడిపోయింది. సాయిబుగారు తల దించుకున్నాడు. ఆమె నా దగ్గరకొచ్చి నా మొహంలోకి చూస్తూ నిలబడింది. తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండునని కూడా అనుకున్నాను.

"మరి నువ్వు సెయ్యూపినావా?" అంది.

నేను చెయ్యి ఊపలేదు. ఆయన తిరగగానే నాకు కావలసిన మొహం దొరికింది, మిగతాది కెమెరామన్‌కి వదిలేసి స్టేషనుకి టాక్సీ వచ్చిందేమోనని చూస్తున్నాను.

"లేదమ్మా."

"ఎవులూ ఊపనేదా?"

"లేదు."

ఆమె సాయిబుగారి వైపు తిరిగింది. "సాయిబూ, మల్లీ ఎయ్యి. ఆడు తిరిగింది ఎయ్యి."

సాయిబుగారు ఫిలిం వెనక్కి తిప్పాడు. గోడ మీద బోటు వెనక్కి వెనక్కి ఒడ్డుకి వస్తోంది. ఆమె అది చూడలేదు, తల వంచుకుని నిలబడింది. ఫిలిం మళ్ళీ ముందుకి నడిచాక తలెత్తింది. ఆయన వెనక్కి తిరిగాడు. ఆమె చెయ్యి పైకెత్తి ఊపింది, గాజులన్నీ గలగలమన్నాయి. ఆయన అటు తిరిగిపోయినా ఊపుతూనే ఉంది, బోటు చుక్కంత అయ్యేదాకా ఊపింది. తర్వాత అక్కడే నేల మీద కూలబడి, ఏడాది పైగా ఏడవని ఏడుపు ఏడ్చింది. పెద్దలు ఎవరూ ఏమీ అనకముందే గాజులు ఒక్కొక్కటే తీసి పక్కనున్న బెంచీ మీద పెట్టింది.